బీడు గురించి ఎస్టర్ బోసరప్ చెప్పిన లెక్క

డిగ్రీలో వ్యవసాయ భూగోళశాస్త్రం పరీక్షలో పోడు గురించి, అంటే అడవి కొట్టి కాల్చి చేసే సేద్యం గురించి, రాసిన జవాబు నాకింకా గుర్తుంది. "వెనకబడిన పద్ధతి, నాగలి తెలియనివాళ్ల సేద్యం" అని రాశాను. మార్కులు కూడా బాగానే వచ్చాయి. మరుసటి ఏడాది ఎస్టర్ బోసరప్ పుస్తకం చేతికొచ్చింది. ఆ జవాబు దిద్దుకోవాలని అప్పటినుంచీ అనుకుంటున్నాను.

బోసరప్ (1910–1999) డెన్మార్క్ ఆర్థికవేత్త. ఐక్యరాజ్యసమితిలో పనిచేశారు, 1950ల చివర్లో కొన్నేళ్లు భారతదేశంలోనూ ఉన్నారు. 1965లో వచ్చిన 'ది కండిషన్స్ ఆఫ్ అగ్రికల్చరల్ గ్రోత్' పల్చటి పుస్తకం. తిండి ఎంత దొరికితే జనం అంత వరకే పెరగగలరన్నది 1798లో మాల్థస్ చెప్పిన మాట. జనం పెరిగిన ఒత్తిడి వల్లే సేద్యం మారుతుందని ఆమె దాన్ని తిరగేశారు.

అందరూ చెప్పుకునేది ఈ ఒక్క మాటే. నన్ను పట్టుకున్నది మాత్రం బీడు. ఆమె నేలను సాగు, బీడు అని రెండు ముక్కలు చేయలేదు. ఒకే నేల చెక్క ఎన్నేళ్లకొకసారి పంటకొస్తుందో చూశారు. ఒకటి రెండేళ్లు పండించి ఇరవై, పాతికేళ్లు అడవికి వదిలేయడం ఒక కొస. తర్వాత ఆరు నుంచి పదేళ్ల పొదల బీడు, ఒకటి రెండేళ్ల బీడు, ఏటా ఒక పంట, చివరికి ఏడాదికి రెండు మూడు పంటలు.

పనిముట్ల గురించి చదివినచోట పక్కన పెన్సిల్‌తో "నాగలి ఎందుకు?" అని రాసుకున్నాను. పెద్ద అడవి కాల్చిన నేల మెత్తగా ఉంటుంది. బూడిదే ఎరువు, కలుపు అంతగా రాదు. కర్రతో గుంట చేసి గింజ వేస్తే చాలు. మొద్దులూ వేళ్లూ ఉన్న ఆ నేలలో నాగలి నడవదు కూడా. బీడు కాలం తగ్గి పొదలే పెరిగితే గుద్దలి కావాలి. ఇంకా తగ్గితే గడ్డి పట్టేస్తుంది, దాని వేళ్లు నిప్పుకు చావవు. నాగలి అవసరం అక్కడ మొదలవుతుంది. నాగలితో పాటు పశువులు, వాటి మేత, ఎరువు తోలడం, కలుపు, నీళ్లు కట్టడం... పని మీద పని.

ఎకరా దిగుబడి పెరుగుతుంది, కానీ గంట పనికి దక్కే గింజలు తగ్గుతాయి అంటారామె. అంటే పోడు చేసేవాళ్లు నాగలి తెలియక ఊరుకోలేదు, దాని అవసరం రాలేదు. దుక్కి, ఎరువు, కలుపు పనులన్నీ ఆ ఇరవై ఏళ్లలో అడవే చేసిపెడుతోంది. నేను దిగుబడిని ఎకరాలతోనే కొలిచాను, ఎవరి నడుము ఎంతసేపు వంగిందో చూడలేదు.

ఆమెతో నాకు ఒక పేచీ ఉంది. జనం పెరిగిన ప్రతిచోటా సేద్యం బాగుపడదు. ఎరువు, నీరు సమకూరకుండా బీడు కాలం మాత్రమే తగ్గితే నేల సారం పోతుంది. ఈ ప్రమాదానికి పుస్తకంలో ఇంకా ఎక్కువ చోటు ఉండాల్సింది.

దీని తర్వాత 1970లో వచ్చిన 'విమెన్స్ రోల్ ఇన్ ఎకనామిక్ డెవలప్‌మెంట్' కూడా తప్పక చదవండి. ఆఫ్రికాలో గుద్దలి సేద్యం ఉన్న చాలాచోట్ల పొలం పని ఎక్కువగా ఆడవాళ్లదేనని, నాగలి వచ్చిన చోట దుక్కి మగవాళ్ల చేతికి పోయిందని, కొత్త పద్ధతులు నేర్పేవాళ్లు మగవాళ్లకే నేర్పారని అందులో చూపించారు. అది ముగించి మళ్లీ మొదటి పుస్తకం తెరిచాను. ఈసారి 'శ్రమ' అన్న మాట కనిపించిన ప్రతిచోటా ఆగి, ఇది ఎవరిది అని అడగాల్సి వచ్చింది.