పేర్లు లేని రిజిస్టరు: కటాఫ్ ఏరియాలో నా అనుభవం

బలిమెల జలాశయం అడ్డుపడడంతో ఒడిశాలోని మల్కన్‌గిరి జిల్లాలో బయటికి దారిలేకుండా పోయిన ఊళ్లను మా చిత్రకొండలో అందరూ కటాఫ్ ఏరియా అనేవారు. 2018 జులైలో 910 మీటర్ల గురుప్రియ వంతెన ప్రారంభమయ్యేదాకా మాకు లాంచీయే దిక్కు. ఆనకట్ట పనికి వచ్చి ఇక్కడే స్థిరపడిన తెలుగు కుటుంబం మాది. 2016లో ఒక స్వచ్ఛంద సంస్థ వైద్య బృందంలో మలేరియా రక్తపరీక్షలు చేయడానికీ, దుబాసీగానూ చేరాను.

ప్రతి ప్రయాణానికీ అధికారుల అనుమతి తీసుకోవాలి, పోలీసులకు ముందుగా తెలపాలి, ఊరిపెద్దలకు కబురంపాలి. అక్కడ పోలీసులూ మావోయిస్టులూ తలపడుతుండేవారు కాబట్టి పోలీసు లాంచీ ఎక్కకూడదు, తుపాకీ ఉన్నవారిని ఎవరినీ మా లాంచీలోకి రానివ్వకూడదు, వచ్చిన రోగి ఎవరి మనిషని అడగకూడదు. చెప్పుకోవడానికి ఇవి తేలికే. రేవు దగ్గర తనిఖీలో మాత్రల అట్టలు లెక్కబెట్టి, "ఇన్ని మందులు ఎవరికి?" అని అడిగినప్పుడు చూపించడానికి మా దగ్గర ఉన్నది రోగుల రిజిస్టరొక్కటే.

మొదటి ఊళ్లోనే అది బెడిసికొట్టింది. నేను పేరు, తండ్రి పేరు, ఊరు రాస్తుంటే ఒక పెద్దాయన పక్కన కూర్చుని, "ఈ పుస్తకం రేపు ఎవరి చేతిలో పడుతుందో నువ్వు చెప్పగలవా, నాయనా?" అన్నాడు. నేను చెప్పలేకపోయాను. వరుసలో ఉన్నవాళ్లు ఒక్కొక్కరే లేచి వెళ్లిపోయారు.

పేర్లు మానేద్దామంటే వైద్యం కుంటుపడుతుంది. వేలి నుంచి ఒక్క చుక్క రక్తం తీసి కిట్ మీద వేస్తే ఇరవై నిమిషాల్లో గీతలు తేలతాయి. ఫాల్సిపేరమ్ రకం మలేరియా అయితే మూడు రోజుల మందు. వయసును బట్టి అట్ట రంగు మారుతుంది కాబట్టి, ఒకటి నుంచి నాలుగేళ్ల పిల్లలకు పసుపు, పెద్దలకు తెలుపు అని తల్లులు మాకంటే బాగా గుర్తుపెట్టుకునేవారు. వైవాక్స్ రకం అయితే పద్నాలుగు రోజులు ప్రిమాక్విన్ వాడాలి, గర్భిణులకు ఇవ్వకూడదు. జ్వరం తగ్గగానే చాలామంది మానేస్తారు, అందుకే మళ్లీ వెళ్లినప్పుడు ఆ మనిషిని గుర్తుపట్టగలగాలి.

చివరికి రోగి చేతికి అంకె వేసిన చీటీ ఇచ్చి, రిజిస్టరులో ఆ అంకె, వయసు, పరీక్ష ఫలితం, ఇచ్చిన మందు మాత్రమే రాశాం. సంతకాలు లేని లెక్కను మా కార్యాలయం రెండు నెలలు ఒప్పుకోలేదు. నన్నడిగితే, అవతలి ఒడ్డుకంటే ఆ రెండు నెలలే ఎక్కువ విసిగించాయి.

తర్వాతి విడతలో ఒకామె కొంగుముడి విప్పి చీటీ, మందు అట్ట నా చేతిలో పెట్టింది. చెమటకు అంకె చెరిగిపోయింది, అట్టలో పద్నాలుగు గుంటలూ ఖాళీగా ఉన్నాయి. కొత్త చీటీ రాసిచ్చి, ఈసారి ప్లాస్టిక్ కవరులో పెట్టాను.