తొలి మిక్స్‌టేప్ పని ఎక్కడిదాకా వచ్చింది: ఖండగతి బీట్లు, డప్పు, గొంతు

ఇది మా తొలి ర్యాప్ మిక్స్‌టేప్ (వరసగా వినే పాటల సంకలనం), మొత్తం ఏడు ట్రాకులు. ఐదింటికి బీటు (వెనక నడిచే వాయిద్యం), గొంతు రెండూ అయ్యాయి. ఆరోది డప్పు దగ్గర ఆగింది, ఏడోదానికి ఇంకా రాత మాత్రమే ఉంది. రికార్డింగు సాఫ్ట్‌వేర్ రీపర్, సెషన్ 48 కిలోహెర్ట్జ్, 24 బిట్. మైకు షూర్ ఎస్ఎం58, మైకును కంప్యూటర్‌కు కలిపే ఇంటర్‌ఫేస్ రెండు ఇన్‌పుట్లది. సామాను సంగతి ఇంతే. ఈ టేపులో అసలు కష్టమంతా లయలో ఉంది.

నాలుగు ట్రాకులు 84 బీపీఎంలో నడుస్తాయి, అంటే నిమిషానికి 84 బీట్లు (తాళం దెబ్బలు), ఒక్కో బీటు 714 మిల్లీసెకన్లు. నాలుగు బీట్లు ఒక బార్. తిన్నగా నడిచే బీటులో హైహ్యాట్ (డ్రమ్ సెట్‌లో ‘చిక్’మనే జంట తాళాలు) సరిగ్గా సగానికి, 357 దగ్గర పడుతుంది. ట్రిప్లెట్ స్వింగ్ ఇస్తే, అంటే బీటును మూడు ముక్కలు చేసి మూడోదాని మొదట్లో వేస్తే, 476కి జరుగుతుంది. ఇక్కడ ఖండగతి, అంటే బీటును ఐదు ముక్కలు చేసి, హ్యాట్‌ను నాలుగో ముక్క మొదట్లో, 429 దగ్గర పెట్టాం. నోటితో చెప్పాలంటే తకిట-తక, రెండో ‘త’ మీద హ్యాట్. వినేవాళ్లకు కాస్త తూలుతున్నట్టుంటుంది కానీ తాళం తప్పినట్టుండదు.

రీపర్‌లో గ్రిడ్‌ను (తెర మీది కాలం గీతలను) 1/20 చేస్తే బార్‌కు ఇరవై గీతలు వస్తాయి. స్వింగ్ నాబ్‌ను నమ్ముకోవద్దు. చాలాచోట్ల అది పదహారో నోట్లను (బీటులో పావు వంతులను) జరుపుతుంది, మనకు కావాల్సింది ఎనిమిదో నోట్లు (బీటులో సగాలు). హ్యాట్లను చేత్తోనే గీతల మీద పెట్టాలి. ఒకటో బీటు మీది కిక్ (కాలితో వాయించే పెద్ద డ్రమ్), రెండు, నాలుగు మీది స్నేర్ (గట్టిగా ‘టప్’మనే డ్రమ్) మాత్రం కదలకూడదు. వాటిని కూడా అటూ ఇటూ జరిపితే ఐదు లెక్క చెవికి అందదు, ఊరికే వాయించడం రానట్టు వినిపిస్తుంది.

రాత కూడా ఈ లెక్కలోనే సాగాలి. అలవాటుకొద్దీ బార్‌కు పదహారు మాత్రలు రాసుకుంటే ఈ బీటు మీద ప్రతి మాటా సాగదీసినట్టుంటుంది. ఇక్కడ బార్‌కు ఇరవై మాత్రలు. గురువు రెండు గీతలు తీసుకుంటుంది, లఘువు ఒకటి. ‘ఉప్పలుకు పోయినది బస్సు’ అన్న చరణం చూడండి. ‘ఉప్పలుకు’ ఐదు, ‘పోయినది’ ఐదు, ‘బస్సు’ మూడు. మూడో బీటులో రెండు మాత్రలు, నాలుగో బీటు మొత్తం ఖాళీ, ఊపిరి అక్కడ తీసుకోవాలి. ఇరవై మాత్రలూ నింపేసిన బార్లు వరసగా మూడు వచ్చాయంటే నాలుగోదాంట్లో ఊపిరి చాలక చివరి అక్షరాలు మింగేస్తాం. పదహారు బార్లంటే దాదాపు 46 సెకన్లు, ఎక్కడ ఊపిరి తీసుకోవాలో కాగితం మీదే గుర్తు పెట్టుకోవడం మేలు.

ప్రాస గురించి ఒక మాట. తెలుగులో వాక్యం చివర క్రియ వస్తుంది కాబట్టి అంత్యప్రాస చవకగా దొరుకుతుంది. ‘పోయాడు, చేశాడు, చూశాడు’ అని ఎంతసేపైనా లాగొచ్చు, రెండో బార్‌కే విసుగు. దానికంటే రెండో అక్షరం మీది ప్రాస ఈ బీటుకు బాగా అతుకుతుంది. ‘ఉప్పలుకు, చెప్పులకు, డప్పులకు’ అని ఎత్తుకుంటే పకార ద్విత్వం ప్రతిసారీ మూడో గీత మీదే పడుతుంది. చివర్లో స్నేర్‌కు చోటు మిగులుతుంది.

గొంతు రికార్డింగుకు గోడలకు గుడ్డు ట్రేలు అంటించే పని పెట్టుకోలేదు. వాటివల్ల పైస్థాయి ధ్వని కొద్దిగా తగ్గుతుందేమో గానీ గది మోత అలాగే ఉంటుంది. పాడే మనిషి వెనక రెండు దూది పరుపులు నిలబెట్టి, పైన బొంత కప్పితే చాలు. ఎస్ఎం58 ముందు వైపు ధ్వనినే ఎక్కువగా పట్టుకుంటుంది, అంటే అది చూసేది మనిషి వెనకున్న గోడనే. నోటికీ మైకుకీ నాలుగు వేళ్ల దూరం, మైకు కొంచెం పక్కకి. ‘భ, ఫ’ల గాలి సూటిగా తగలదు. ఫ్యాను ఆపాల్సిందే. లాప్‌టాప్‌కు రెండు పిన్నుల చార్జర్ అయితే బ్యాటరీ మీద నడపండి, ఎర్త్ లేక వచ్చే జుయ్యిమనే మోతను తర్వాత తీయడం కష్టం. రికార్డింగు లెవెల్ శిఖరాలు మైనస్ 10 డెసిబెల్స్ దగ్గర ఆగితే సరి.

మిక్సులో తలనొప్పి ద్విత్వాలతోనే. ‘ఉప్ప’లో పెదవులు మూసుకున్న ఆ కాసేపు నిశ్శబ్దం. పెద్ద శబ్దాలను అణిచే కంప్రెసర్‌లో రిలీజ్ (అణచడం వదిలేసే సమయం) 30 మిల్లీసెకన్లలా వేగంగా ఉంటే ఆ సందులోనే గెయిన్ (శబ్దం స్థాయి) మళ్లీ పైకొస్తుంది, గది చప్పుడు ఉబుకుతుంది, వెంటనే ‘ప’ పేలుతుంది. రిలీజ్ 100 దగ్గర, అటాక్ (అణచడం మొదలయ్యే సమయం) 5, అణిచే నిష్పత్తి 3:1 పెట్టాం. అంతకుముందే పెద్దగా పడిన మాటలను క్లిప్ గెయిన్‌తో (ఆ ముక్క ఒక్కదాని స్థాయి మార్చి) చేత్తో దించాలి. 90 హెర్ట్జ్ కింద కోత. మైకుకు దగ్గరగా పాడినందువల్ల వచ్చే బరువు 250 ప్రాంతంలో ఉంటుంది, అక్కడ 3 డెసిబెల్స్ తగ్గించాం.

ఆరో ట్రాక్ డప్పుది. చర్మాన్ని మంట మీద కాచాకే డప్పుకు ఆ బిగువు వస్తుంది, చల్లారుతున్నకొద్దీ స్వరం దిగిపోతుంది. కాచిన వెంటనే వాయించింది, కాసేపయ్యాక వాయించింది కలిపి లూపు (మళ్లీ మళ్లీ తిరిగే ముక్క) కోస్తే అతుకు దగ్గర స్వరం జారినట్టు తెలిసిపోతుంది. అందుకే ఒకసారి కాచినప్పుడు రికార్డైనదాన్నే ఒక లూపులో వాడాలి. సిర్ర (లావు పుల్ల) దెబ్బ, సిటికెన పుల్ల (సన్నది) దెబ్బ విడివిడిగా కూడా తీసిపెట్టుకుంటే సందుల్లో నింపడానికి పనికొస్తాయి. 808ను (డ్రమ్ మెషీన్ నుంచి వచ్చిన లోతైన బేస్ దెబ్బను) ‘ఎఫ్’ స్వరానికి, అంటే 43.65 హెర్ట్జ్‌కి ట్యూన్ చేసి, రెండూ ఢీకొనకుండా డప్పులో 120 హెర్ట్జ్ కింద కోసేశాం. అంత కింది బేస్ ఫోను స్పీకర్‌లో వినపడదు కనుక 808 మీద కొంచెం శాచురేషన్ (పై స్వరాలు పుట్టించే స్వల్ప గరుకుదనం) తప్పదు.

హక్కుల విషయంలో సినిమా పాట శాంపిల్ (అందులోంచి కోసి వాడే ముక్క) జోలికి పోలేదు. పాట రచన, స్వరాల హక్కు ఒకటి, రికార్డింగు హక్కు ఇంకొకటి. రెండింటికీ అనుమతి కావాలి. డప్పు కళాకారులతో డబ్బు, పేరు, వాడకం ముందే కాగితం మీద రాసుకోవాలి. ఒక బీటు లీజుకు తీసుకున్నది (ఇతరులూ వాడుకునే అనుమతి మీద), దాన్ని యూట్యూబ్ కంటెంట్ ఐడీలో (వీడియోల్లో పాటలను గుర్తుపట్టే వ్యవస్థలో) పెట్టకూడదు. పెడితే అదే బీటు కొన్న ఇంకొకరి వీడియో మీద హక్కు క్లెయిమ్ పడుతుంది.

మాస్టరింగ్ (విడుదలకు ముందు శబ్దాన్ని చివరిగా సరిచేయడం) ఇంకా మొదలవలేదు. లక్ష్యం మైనస్ 10 ఎల్‌యుఎఫ్ఎస్ (సగటు శబ్ద తీవ్రత కొలత), ట్రూ పీక్ (అసలైన గరిష్ఠ స్థాయి) మైనస్ 1. స్పాటిఫై మామూలు సెట్టింగులో మైనస్ 14కి దించేస్తుంది కాబట్టి ఇంకా బిగించి లాభం లేదు. ట్రాకులు ఒకదాంట్లోంచి ఒకటి ఆగకుండా నడవాలంటే మొత్తాన్ని ఒకే ఫైలుగా బయటికి తీసి, బార్ మొదట్లో కోయాలి. కవర్ 3000 పిక్సెళ్ల చతురస్రం. దాని మీది పేరూ, పాటలు అప్‌లోడ్ చేసేటప్పుడు ఫారంలో ఇచ్చే పేరూ అక్షరం తేడా లేకుండా ఉండాలి, లేకపోతే వెనక్కొస్తుంది. స్పాటిఫై ఎడిటర్లకు పాట పంపాలంటే విడుదలకు కనీసం ఏడు రోజుల ముందు పంపాలి, అందుకే ఏడో ట్రాక్ గొంతు అయ్యేదాకా తేదీ వేయడం లేదు.