పొట్టు తీసిన అలసంద వడ

తిరుపతిలో మా మేడమీది గదిలో రెండేళ్ళ పాటు ఒక నైజీరియా విద్యార్థి అద్దెకు ఉన్నాడు. అతను అక్కడి యోరుబా జాతి కుటుంబానికి చెందినవాడు, లాగోస్ నగరంలో పెరిగినవాడు. అతని పేరు నోరు తిరగక మా అమ్మ మొదటి రోజు నుంచీ అతణ్ణి ‘నాయనా’ అనే పిలిచేది. ఒక సంక్రాంతికి పెద్దలకు పెట్టుకున్న తరువాత, అమ్మ అలసంద వడలూ నాటుకోడి పులుసూ గిన్నెల్లో పెట్టి అతనికి పంపింది. కాసేపటికి అతను ఖాళీ గిన్నెలతో కిందికి దిగివచ్చి, ఇది తమ ఇంట్లో చేసే ‘అకారా’ అని చెప్పాడు. ఆ తరువాత కొంచెం మొహమాటపడుతూనే, మరి పొట్టు ఎందుకు తీయలేదని అడిగాడు. పొట్టు తీసేస్తే వడకు రుచి ఎక్కడిదని అమ్మ, పొట్టు ఉంటే పిండి గుల్లగా పొంగదని అతను పట్టుబడితే, ఆ ఇద్దరి మధ్య తర్జుమా చేయలేక నా పని అయిపోయింది.

అతను చెప్పిన పద్ధతి ఇది. అలసందలను నానబెట్టి, చేతులతో పిసికి, నీళ్ళమీద తేలే పొట్టునంతా పారబోసి, పప్పును మెత్తగా రుబ్బుతారు. ఆ పిండిని గాలి చేరేదాకా గిలకొట్టి, ఉల్లిపాయా మిరపకాయా కలిపి, గరిటెతో నూనెలో వదులుతారు. మనం బరకగా రుబ్బి, అల్లం పచ్చిమిరప తగిలించి, ఆకుమీద తట్టి వేస్తాం. అదే పిండిని వాళ్ళు ఆకుల్లో పొట్లం కట్టి ఆవిరిమీద ఉడికిస్తే దాని పేరు ‘మొయిన్ మొయిన్’. మన కుడుములు తిన్నవారికి దాని గురించి ఇంతకంటే చెప్పనక్కరలేదు. పండు వయసులో పోయిన పెద్దల పేరిట అకారా వేయించి ఊళ్ళో పంచే ఆచారం యోరుబాలలో ఉందని అతను అన్నప్పుడు మాత్రం, అమ్మ వాదన ఆపి, అక్కడా పెద్దలకు వడలే పెడతారా అని అడిగింది.

ఆ ప్రశ్న నన్ను చాలా రోజులు పుస్తకాల వెంట తిప్పింది. నేను పుట్టిన చిత్తూరు పల్లెల్లో అలసంద మా తాతముత్తాతల పంట అనే అందరమూ అనుకుంటాం, కానీ దాని పుట్టిల్లు ఆఫ్రికా. ఘానాలో కింటాంపో అనే ప్రాచీన సంస్కృతికి చెందిన చోట్ల తవ్వకాలలో దాదాపు 3,500 ఏళ్ళ నాటి అలసంద గింజలు దొరికాయి. మన రాగి కూడా ఇథియోపియా, ఉగాండా ఎత్తు నేలలనుంచి వచ్చినదే. జొన్న సూడాన్ వైపునుంచీ, సద్ద సహారా దక్షిణపు అంచునుంచీ వచ్చాయి. క్రీస్తుకు పూర్వం రెండో సహస్రాబ్దిలోనే ఈ ఆఫ్రికా పంటలలో కొన్ని మన ఉపఖండంలో పాతుకుపోయాయి. వాటిని ఏ పడవలో ఎవరు తెచ్చారో ఏ శాసనమూ చెప్పదు, కానీ విత్తనం తనంతట తాను అరేబియా సముద్రం దాటదు. ఏ నెలలో విత్తాలో, ఎలా దాచాలో, ఎలా వండాలో తెలిసిన మనుషులు దానితో పాటో, దానికి ముందో నడిచి ఉండాలి. ఆఫ్రికా అనగానే బానిసత్వాన్ని మాత్రమే తలుచుకునే మన పాఠాలలో, అడవి గడ్డిని ఏరి ఏరి పంటగా మార్చిన ఆ రైతులకు ఒక్క వాక్యం కూడా దక్కలేదన్నది నా ఫిర్యాదు.

అలసంద పడమటికి చేసిన ప్రయాణం మాత్రం అంత చీకటిలో లేదు, ఎందుకంటే మనుషులను సరుకుగా అమ్మినవారు లెక్కలు రాసుకున్నారు. 1501 నుంచి 1866 వరకు ఆఫ్రికా తీరంలో ఓడలకు ఎక్కించినవారు సుమారు కోటీ పాతిక లక్షల మంది అయితే, అట్లాంటిక్ అవతలి ఒడ్డున ప్రాణాలతో దిగినవారు కోటీ ఏడు లక్షలకు మించలేదని చరిత్రకారుల అంచనా. అందులో దాదాపు 48 లక్షల మంది ఒక్క బ్రెజిల్‌కే చేరారు. యోరుబాల ఓయో సామ్రాజ్యం కూలి, యోరుబా నేలమీద యుద్ధాలు చెలరేగిన పంతొమ్మిదో శతాబ్దపు తొలి దశాబ్దాలలో, పట్టుబడి అమ్ముడుపోయిన యోరుబాలు పెద్ద సంఖ్యలో బయియా రాష్ట్రపు సాల్వడోర్ నగరానికి వచ్చిపడ్డారు. చేతిలో ఏమీ మిగలని ఆ మనుషులకు భాష, దేవతలు, వంట మాత్రం మిగిలాయి.

ఆ నగరంలో బానిస స్త్రీలు తలమీద పళ్ళాలు పెట్టుకుని వీధుల్లో తినుబండారాలు అమ్మేవారు. అమ్మకంలో ముందుగా అనుకున్న మొత్తాన్ని యజమానికి కట్టాలి, పైన మిగిలింది తమది. అలా పైసా పైసా కూడబెట్టి తమ విడుదలను తామే కొనుక్కున్న స్త్రీలు ఉన్నారు. ఆ పళ్ళేలలో ఉన్న ముఖ్యమైన సరుకు ఈ అలసంద వడే. అకారాకు యోరుబాలో ‘తిను’ అనే అర్థమున్న ‘జె’ చేరి, బ్రెజిల్‌లో అది ‘అకారజే’ అయింది. ఆవిరిమీద ఉడికించేదానికి అక్కడ ‘అబరా’ అని పేరు, చుట్టేది అరటి ఆకు. ఎర్రటి పామాయిల్‌లో వేయించిన అకారజేను మధ్యకు చీల్చి, ఎండురొయ్యలు కూరి తింటారు. గాలివానల దేవత యాన్సాన్‌కు అది నైవేద్యం. తిరుపతిలో గంగమ్మ జాతరకు అంబలి కాచి పోసే ఇళ్ళలో పెరిగిన నాకు, ఒక దేవతకు ఒక వంటకం ఎందుకు కట్టుబడి ఉంటుందో ఎవరూ విడమరిచి చెప్పవలసిన అవసరం లేకపోయింది. తెల్లని లేసు బట్టలు కట్టి, తలకు గుడ్డ చుట్టి, సాల్వడోర్ వీధుల్లో నేటికీ అకారజే వేసే స్త్రీల వృత్తిని బ్రెజిల్ ప్రభుత్వం జాతీయ సాంస్కృతిక వారసత్వంగా నమోదు చేసింది.

ఈ కథలో నాకు అన్నిటికన్నా ఆశ్చర్యం కలిగించినది తిరుగు ప్రయాణం. 1835 జనవరిలో సాల్వడోర్‌లో ముస్లిం బానిసలు, ముఖ్యంగా యోరుబాలు, తిరుగుబాటు చేశారు. దాన్ని అణిచివేశాక ప్రభుత్వం కొందరిని దేశం నుంచి వెళ్ళగొట్టింది. ఆ భయం వల్లా, ఇంటిమీది బెంగ వల్లా, విడుదల పొందిన మరెందరో తరువాతి దశాబ్దాలలో సొంత డబ్బుతో ఓడ ఎక్కి పశ్చిమాఫ్రికాకు తిరిగివెళ్ళారు. లాగోస్ ద్వీపంలో వారు స్థిరపడిన పేటను నేటికీ బ్రెజిలియన్ పేట అనే అంటారు. బయియాలో నేర్చిన తాపీపని, వడ్రంగం అక్కడి ఇళ్ళ ముఖాలకు అలంకారాలయ్యాయి. పుట్టిన గడ్డకు చేరినా ఇరుగుపొరుగువాళ్ళు వీరిని ‘అగుడా’లని వేరుగానే పిలిచారు. వారిలో క్రైస్తవులైనవారి కుటుంబాలు గుడ్ ఫ్రైడే నాడు ‘ఫ్రెజాన్’ వండుతాయి. చిక్కుడు జాతి గింజలను మెత్తగా ఉడికించి, కొబ్బరిపాలు చేర్చి చేసే ఆ వంటకానికి పేరు పోర్చుగీసు మాట ‘ఫెయిజావ్’ నుంచి వచ్చింది. ఆ మాటకు అర్థం ఉట్టి గింజలే.

ఒక సాయంత్రం ఇదంతా ఆ అబ్బాయికి వివరిస్తే, చిన్నప్పుడు పక్కింట్లో ప్రతి ఏటా ఫ్రెజాన్ తిన్నానని తేలికగా చెప్పేశాడు. అమ్మ వెంటనే, అందులో తీపి వేస్తారా అని అడిగింది. కొందరు చక్కెర కలుపుతారని, పక్కన చేపల కూర పెడతారని చెప్పాడు. కొబ్బరిపాలు, చక్కెర, మెత్తగా ఉడికిన గింజలు అని అమ్మ వేళ్ళమీద లెక్కపెట్టి, ‘అయితే అది పాయసమే కదా నాయనా, దాంతో చేపల పులుసేంది?’ అంది. అతని దగ్గర జవాబు లేదు.