కళ్లు దాచి, చేతులు చూపించినవాడు

ఆమ్‌స్టర్‌డామ్ రైక్స్‌మ్యూజియంలో అడుగుపెట్టినవాళ్లంతా ముందు పదిహేడో శతాబ్దపు డచ్ చిత్రకారుడు రెంబ్రాంట్ వేసిన ‘నైట్ వాచ్’ దగ్గరికే పోతారు. మేమూ పోయాం. దాన్ని పరిశీలించి బాగుచేసే పని 2019లో మొదలుపెట్టారు, గాజు గది కట్టి, అందరూ చూస్తుండగానే. బొమ్మ పెద్దది, పేరూ పెద్దదే. కానీ రెంబ్రాంట్ మనిషి మనసులోకి ఎలా దూరతాడో చూడాలంటే ఆ గుంపులోంచి బయటపడాలి.

నన్ను మొదట ఆపింది జానెడు బొమ్మ. 1628 ప్రాంతంలో, ఇరవై రెండేళ్లప్పుడు తనను తానే వేసుకున్నాడు. వెలుగంతా చెంప మీద, మెడ మీద. కళ్లు మాత్రం నీడలో! ఎవరైనా ముందు కళ్లు దిద్దుతారు కదా, ఈయన దాచేశాడు. వంగి చూస్తే ఉంగరాల జుట్టు తడి రంగులో కుంచె కాడతో గీకిన గీతలే. కాసేపు నిలబడితే ఆ చీకట్లోంచి కుర్రాడు మనల్నే గమనిస్తున్నాడని తెలుస్తుంది.

ఆ తర్వాత సన్యాసి దుస్తుల్లో కొడుకు టైటస్, 1660 నాటిది. 1656లో రెంబ్రాంట్ దివాలా తీశాడు. ఇల్లూ పోయింది, పోగుచేసుకున్న వస్తువులూ వేలానికి పోయాయి. అప్పులవాళ్లకు చిక్కకుండా 1660లోనే టైటస్, తండ్రికి తోడుగా ఉన్న హెండ్రిక్యే అనే ఆవిడా కలిసి వ్యాపారం పెట్టి, ఆయన్ని తమ దగ్గర పనివాడిగా చూపించారు. పట్టుమని ఇరవై ఏళ్లు లేని కుర్రాడు, కాగితాల మీద తండ్రికి యజమాని. ఆ వాలిన రెప్పల్లో నాకు భక్తి కంటే ఇంటి బరువే ఎక్కువ కనబడింది.

అసలు కదలనివ్వనిది ‘యూదు పెళ్లికూతురు’, ఒక జంట బొమ్మ. ఆ పేరు తర్వాతివాళ్లు పెట్టిందే. అతని చొక్కా చేతి మీద బంగారు రంగు గడ్డలు కట్టి ఉంటుంది, గోటితో గీకితే ఊడొస్తుందేమో అన్నంత మందంగా. ఇద్దరూ ఒకరినొకరు చూసుకోరు. అతని అరచెయ్యి ఆమె గుండె మీద, ఆ చేతి మీద ఆమె వేళ్లు ఊరికే అలా ఆనీ ఆననట్టు. చెప్పాల్సిందంతా అక్కడే ఉంది.

“ఏదో గొడవపడి ఇప్పుడే సర్దుకున్నట్టున్నారండీ,” అంది మా ఆవిడ. నాకూ అదే నిజమనిపించింది. కొత్త జంట చెయ్యి అంత నెమ్మదిగా ఉండదు.

1885లో చిత్రకారుడు వాన్ గో ఈ బొమ్మ ముందు కూర్చుండిపోయాడట. ఎండు రొట్టె ముక్కతో పదిహేను రోజులు ఇక్కడే ఉండనిస్తే పదేళ్ల ఆయుష్షు ఇచ్చేస్తానన్నాడని ఆయన స్నేహితుడు చెప్పాడు. మాకా వీలు లేదు, మ్యూజియం అయిదింటికి మూసేస్తారు.