ఇద్దరికీ వయొలెటే కావాలి

వినాయక చవితి, ఇంకా ఆట మొదలెట్టలేదు

మా అప్ప కొడుకు శ్రీకాకుళంలో తొమ్మిదో తరగతి. నేను విజయనగరంలో ఉద్యోగం. నా స్విచ్ (నింటెండో కంపెనీ గేమ్ కన్సోల్) సెకండ్ హ్యాండ్‌ది, వాడిది సింగపూర్ నుంచి వాళ్ల బాబాయి తెచ్చింది. పోకెమాన్ అని, రకరకాల జీవుల్ని పట్టి పెంచి పోటీకి దింపే ఆట. దాని స్కార్లెట్, వయొలెట్ వెర్షన్లు చెరొకటి కొందామని వేసవి సెలవుల్లోనే మాటనుకున్నాం. చెరొకటి దగ్గరే బండి ఆగిపోయింది. వాడికి వయొలెట్ కావాలి, ఎందుకంటే అట్ట మీదున్న మిరైడాన్ "బండిలా ఉంది మావయ్యా". నాకూ వయొలెటే కావాలి, ఎందుకంటే డ్రీపీ అనే జీవి అందులోనే దొరుకుతుంది. డ్రీపీని 60వ లెవెల్ దాకా పెంచితే డ్రాగపల్ట్ అవుతుంది. పిల్ల డ్రీపీలను కొమ్ముల్లో పెట్టుకుని బాణాల్లా వదిలే జీవి అది.

తెలియనివాళ్ల కోసం ఒక్క ముక్క. 1996 ఫిబ్రవరి 27న జపాన్‌లో రెడ్, గ్రీన్ అని వచ్చినప్పటి నుంచీ ఈ ఆట జంటగానే వస్తోంది. కథ ఒకటే, ఊళ్లు ఒకటే. కానీ కొన్ని జీవులు ఒకదాంట్లోనే దొరుకుతాయి. రెడ్‌లో ఎకాన్స్ అనే పాము ఉంటే గ్రీన్‌లో శాండ్‌ష్రూ ఉండేది. పట్టినవన్నీ నమోదయ్యే పుస్తకం (పోకెడెక్స్) నింపాలంటే రెండోది ఉన్న మనిషిని వెతుక్కుని మార్చుకోవాల్సిందే. ఈ ఆట తయారుచేసిన సతోషి తజిరి చిన్నప్పుడు పురుగులు పట్టేవాడు. రెండు గేమ్‌బాయ్‌లను కలిపే వైరు చూసి, దాని మీదుగా పురుగులు అటూ ఇటూ నడిచెళ్తున్నట్టు ఊహించుకున్నాడట. మాకైతే చిప్స్ ప్యాకెట్లలో వచ్చే గుండ్రటి బిళ్లలు గుర్తొస్తాయి. రెండోసారి వచ్చిన బిళ్ల ఇచ్చి లేనిది తెచ్చుకోవడం. అదే యాపారం.

చీటీలు వేద్దామన్నాడు వాడు. నేను నోట్‌బుక్ తీశాను. స్కార్లెట్‌లో దొరకనివి ఒక పక్క, వయొలెట్‌లో దొరకనివి ఒక పక్క రాశాను. పుస్తకంలోని పోకెమాన్‌లను లెక్కేస్తే అటు 23, ఇటు 23. తక్కెడ ఎటూ మొగ్గలేదు. అప్పుడు ఇంకో గీత గీశాను: ఇందులో మార్చుకోగలిగేవి ఏవి, ఛస్తే మార్చుకోలేనివి ఏవి?

డ్రీపీని మార్చుకోవచ్చు. సాలమెన్స్‌ని మార్చుకోవచ్చు. మార్చుకోలేనివి వేరే ఉన్నాయి. కథంతా మనం ఎక్కి తిరిగే వాహనం (స్కార్లెట్‌లో కొరైడాన్, వయొలెట్‌లో మిరైడాన్), ప్రొఫెసర్ (సాడా గానీ టూరో గానీ), బడి పేరు, యూనిఫాం రంగు. అంతే. అంతకుముందు వచ్చిన స్వోర్డ్, షీల్డ్‌లో అయితే జిమ్ లీడర్లే (ఓడిస్తే బ్యాడ్జీ ఇచ్చేవాళ్లు) మారిపోయేవారు. ఒకదాంట్లో కుస్తీ పట్టే బియా ఉంటే రెండోదాంట్లో దెయ్యాల అలిస్టర్. అదీ మార్చుకోలేని తేడాయే.

ఇలా చూస్తే జవాబు తేలిపోయింది. నాక్కావాల్సింది ఒక జీవి, అది చేతులు మారుతుంది. వాడిక్కావాల్సింది ఎక్కి తిరిగే బండి, అది మారదు. వయొలెట్ వాడికే. నాకు స్కార్లెట్. కొరైడాన్ ఛాతీ మీద చక్రంలాంటిది ఉండి కూడా కాళ్లతోనే పరిగెడుతుందని వాడు నన్ను ఏడిపించడం అప్పుడే మొదలైంది.

కొనుగోలు గురించి రెండు మాటలు. కార్ట్రిడ్జ్ నాకు వాడినదే 2,700కి దొరికింది. పాతవాళ్ల ఆట అందులో ఉండిపోతుందేమోనన్న భయం అక్కర్లేదు. స్విచ్‌లో సేవ్ ఉండేది కన్సోల్‌లో, కార్ట్రిడ్జ్‌లో కాదు. దీనికి రెండో వైపూ ఉంది: ఈ ఆటకి క్లౌడ్ బ్యాకప్ లేదు. కన్సోల్ పోతే అన్నీ పోయినట్టే. వాడి స్విచ్‌కి రబ్బరు తొడుగు, గాజు రేకు నేనే కొనిచ్చాను.

దసరా ముందు, 19 గంటల ఆట

మూడు బ్యాడ్జీలు. పుస్తకంలో 118.

నేను మొసలిపిల్ల ఫ్యూకోకోని తీసుకున్నా, వాడు బాతు క్వాక్స్‌లీని. పిల్లి స్ప్రిగటీటో ఎవరి దగ్గరా లేదని వారం తర్వాత వెలిగింది. మొదట్లో ఒకదాన్నే ఎంచుకోమనే ఈ మూడూ పాల్డియాలో (ఆట జరిగే ప్రాంతం) ఎక్కడా అడవిలో దొరకవు. ఒక్కోదానికి మూడు దశలు కాబట్టి, పిల్లి లేకపోతే పుస్తకంలో మూడు గళ్లు ఖాళీ. 1, 2, 3 నెంబర్లే! పుస్తకం తెరిచిన ప్రతిసారీ మొదటి వరసే బోసిగా కనిపిస్తుంది.

దీనికి ఉపాయం ఉంది, ఖర్చు లేదు. స్విచ్‌లో ఎన్ని యూజర్లు పెట్టుకుంటే అన్ని సేవ్‌లు, కార్ట్రిడ్జ్ ఒక్కటే చాలు. నా కన్సోల్‌లో అప్ప పేరుతో ఒక యూజర్ తయారుచేసి, పిల్లిని తీసుకుని, మొదటి పోకెమాన్ సెంటర్ దాకా ఆడి ఆపాను. ఇచ్చిపుచ్చుకునే మెనూ అక్కడ తెరుచుకుంటుంది. ఒకే కన్సోల్‌లో ఇద్దరు యూజర్లు తమలో తాము మార్చుకోలేరు కాబట్టి పిల్లి ముందు వాడి కన్సోల్‌కి వెళ్లాలి, అక్కణ్ణుంచి నాకు తిరిగి రావాలి. చుట్టం చూపుగా వెళ్లొచ్చినట్టన్నమాట.

సిరిమానోత్సవం

అప్ప, బావ, గుంటడు ముగ్గురూ పొద్దున్నే రైల్లో దిగారు. పైడితల్లమ్మ సిరిమాను సాయంత్రం, అప్పటిదాకా మేడ మీద మేమిద్దరం.

ఇంటర్నెట్‌లో మార్చుకోవాలంటే డబ్బు కట్టి తీసుకునే నింటెండో సభ్యత్వం కావాలి. పక్కపక్కన కూర్చుంటే ఏమీ అక్కర్లేదు. పోకే పోర్టల్‌లోకి వెళ్లి, ఇంటర్నెట్‌కి కలిపే ఎల్ బటన్ నొక్కకుండా, లింక్ ట్రేడ్‌లో ఇద్దరూ ఒకే కోడ్ కొడితే సరి. ఎనిమిది అంకెలు. మేము అమ్మమ్మ ఇంటి పాత ల్యాండ్‌లైన్ నెంబర్‌తో పని కానిచ్చేశాం.

పిల్లి ప్రయాణం సజావుగా అయింది. హాంటర్‌ని ఒకసారి చేతులు మార్పించి గెంగార్‌ని చేశాం, ఎందుకంటే అది చేతులు మారితేనే ఎదుగుతుంది. గుంటడు కేక పెడితే కింద నుంచి అమ్మ ఏమైందోనని పైకొచ్చింది. నేను లార్విటార్ ఇచ్చాను. వాడు నాకోసం దాచానంటూ 38వ లెవెల్‌లో పట్టిన షెల్గాన్ (సాలమెన్స్ కుటుంబంలో రెండో దశ) ఇచ్చాడు.

అక్కడ దెబ్బ తిన్నాం. మూడు బ్యాడ్జీలున్న నా మాట 35 లెవెల్ దాకా వచ్చినవే వింటాయి. బ్యాడ్జీలు లేకపోతే 20, ఒక్కో బ్యాడ్జీకి ఐదు పెరుగుతుంది, ఎనిమిది వచ్చాక అన్నీ వింటాయి. చూసేది ఆ జీవి మన చేతికి వచ్చినప్పటి లెవెల్‌ని. నా దగ్గరే చిన్నగా ఉండి పెద్దదైతే గొడవ లేదు. ఈ షెల్గాన్ మాత్రం పోటీలో నిలబెడితే అటు తిరిగి కూర్చుంది.

"ఏటి మావయ్యా, ఇనదేటిది? నా కాడ బాగానే ఇన్నాది!"

"నీకు ఐదు బ్యాడ్జీలున్నాయిరా. నాకు మూడే."

"ఐతే నువ్వే సిన్నోడివి."

సాయంత్రం సిరిమాను మూడోసారి కోట వైపు తిరిగేదాకా ఆ మాట ఊరంతా చెప్పుకున్నాడు.

కార్తీకమంతా గుడ్లే

షెల్గాన్ పాఠంతో పద్ధతి మార్చేశాం. పెంచినవి ఇవ్వొద్దు, గుడ్లు పెట్టించి ఒకటో లెవెల్ పిల్లలు ఇద్దాం. ఒక కుటుంబానికి ఒక్క పిల్ల చాలు, మిగతా దశలు ఎవరికి వాళ్లు పెంచుకుంటే వస్తాయి.

చేసేదిలా. జట్టులో దాదాపు ఏ జీవితోనైనా గుడ్లు పెట్టించగల డిట్టో ఒకటి, కావాల్సిన జీవి ఒకటి పెట్టుకుని పిక్నిక్ బల్ల వేయాలి. గుడ్లు పక్కనున్న బుట్టలో పడతాయి, పదికి మించి పట్టవు. మామూలుగా అయితే ఎంతసేపో చూడాలి. అరటిపండు, వెన్న, వేరుశెనగ ముద్ద పెట్టి శాండ్‌విచ్ చేసుకుని తింటే గుడ్లు త్వరగా పడతాయి, ఆ ప్రభావం అరగంట ఉంటుంది. (పలాస జీడిపప్పు పెట్టే వీలుంటే ఇంకా త్వరగా పడేవని మా వాడి సిద్ధాంతం.) డిట్టోని పట్టడమే కష్టం, వేరే జీవి వేషంలో తిరుగుతుంటుంది. నాకు రెండు రాత్రులు పట్టింది.

షెల్గాన్‌తోనే గుడ్డు పెట్టించి దాని మొదటి దశ బేగాన్ నేనే తెచ్చుకున్నా. మాట వినకపోయినా పిల్లని ఇచ్చింది. ఇక వాడు నాకు ఇవ్వాల్సినవి ఆరు: డ్రీపీ, గల్పిన్, మిస్‌డ్రీవస్, క్లాంచర్, పాసిమియన్, ఐస్‌క్యూ. నేను వాడికి ఇవ్వాల్సినవీ ఆరే: డైనో, డ్రిఫ్లూన్, స్టంకీ, స్క్రెల్ప్, ఒరంగురు, స్టోన్‌జర్నర్. ఒక పెట్టెలో వరసగా సర్ది, ఆ పెట్టెకి "శ్రీకాకుళం" అని పేరు పెట్టాను.

ఎడారిలో ఒక పెద్ద పోరాటం ఉంటుంది. నాకు అక్కడ గ్రేట్ టస్క్ ఎదురైంది, పాతకాలపు దంతాల ఏనుగు లాంటిది. ఫోన్ చేస్తే వాడికి ఇనుప చక్రంలా దొర్లే ఐరన్ ట్రెడ్స్ వచ్చిందట. రెండూ డాన్‌ఫాన్ పోలికలే, ఒకటి గతం నుంచి, ఒకటి భవిష్యత్తు నుంచి. ఒకే కథ ఆడుతూ ఒకరికి తెలియనిది ఇంకొకరికి చెప్పుకునే సరదా నాకు అక్కడే మొదటిసారి కలిగింది. ఇద్దరం వయొలెటే కొనుంటే ఆ ఫోన్‌కాల్ ఉండేది కాదు.

సంక్రాంతి, శ్రీకాకుళం, 61 గంటలు

ఎనిమిది బ్యాడ్జీలు, కథ ముగిసింది. పుస్తకంలో 322.

ఆమదాలవలసలో దిగి ఆటోలో ఊళ్లోకి. కనుమ నాడు భోజనాలయ్యాక కూర్చున్నాం. గల్పిన్‌ని మర్చిపోయానన్నాడు, గుడ్డు పెట్టించలేదు. దానికి వేరే దారి దొరికింది: యూనియన్ సర్కిల్ అని నలుగురి దాకా ఒకే లోకంలో కలిసి తిరగొచ్చు. పిలిచినవాళ్ల వెర్షన్ జీవులే అక్కడ కనిపిస్తాయి, అతిథి కూడా పట్టుకోవచ్చు. వాడి లోకంలోకి వెళ్లి గల్పిన్‌ని నేనే పట్టా. వాడు మిరైడాన్ మీద ముందు వెళ్తుంటే నేను కొరైడాన్ మీద వెనకాల.

కవచాల సంగతి కూడా ఆ రోజే తెగ్గొట్టాం. చార్కడెట్ అనే నిప్పు కుర్రాడు ఇద్దరికీ దొరుకుతాడు, కానీ ఎదగడానికి వేసే కవచం వేరు. జపపీకో ఊళ్లో నా ఆటలో పది బ్రాంజోర్ ముక్కలిస్తే, వాడి ఆటలో పది సినిస్టీ ముక్కలిస్తే ఒక కవచం ఇస్తారు. నా స్కార్లెట్‌లో ఆర్మరూజ్ అయ్యేది, వాడి వయొలెట్‌లో సెరులెడ్జ్ అయ్యేది. జీవి చేతికి కవచం తగిలించి పంపితే అవతలివాళ్లకి చేరుతుంది. ముక్కల కోసం బ్రాంజోర్‌లను కొట్టీ కొట్టీ బొటనవేళ్లు వాచాయి, ఈ భాగం మాత్రం ఆటలో నాకు నచ్చలేదు.

డ్రీపీ వచ్చింది. తిరుగు రైల్లో పొందూరు దాటేలోపు రెయిడ్‌లలో (జట్టుగా చేసే పోరాటాల్లో) గెలిచి దాచుకున్న, లెవెల్ పెంచే క్యాండీలన్నీ పెట్టేశాను. చీపురుపల్లి దగ్గర డ్రాగపల్ట్.

రథసప్తమి

అప్పవాళ్లు అరసవల్లి దర్శనానికి రమ్మంటే వెళ్లాను, స్విచ్ సంచిలో వేసుకుని.

ఇప్పుడు మిగిలినవన్నీ ఏరియా జీరోవి (పాల్డియా మధ్యలో ఉన్న లోతైన గొయ్యి అది). నా వైపు గతం జీవులు ఏడు, వాడి వైపు భవిష్యత్తు జీవులు ఏడు. ఇవి గుడ్లు పెట్టవు. ఒక్కోటి రెండేసి పట్టి ఒకటి ఇవ్వాల్సిందే, అది ముందే తెలుసుకుని ఉంటే కథ అయిన రోజునే మొదలెట్టేవాళ్లం. రోరింగ్ మూన్ రెండోది దొరకడానికి నాకు మూడు సాయంత్రాలు పట్టింది. ఏడుకి ఏడు మార్చుకునేసరికి నా పుస్తకంలో 399.

మిగిలింది 400వ నెంబర్, మిరైడాన్. ఎక్కి తిరిగేదాన్ని ఇవ్వడం కుదరదు. కథ అయ్యాక ఏరియా జీరోలో 72వ లెవెల్‌లో రెండోది దొరుకుతుంది, దాన్ని మాత్రం ఇవ్వొచ్చు. నేను నా రెండో కొరైడాన్ ఇస్తా, వాడు రెండో మిరైడాన్ ఇస్తాడు, పుస్తకంలో పడగానే ఎవరిది వాళ్లకి తిరిగిచ్చేస్తాం. వాడికి 399 ఖాళీ, నాకు 400 ఖాళీ.

వాడింకా రెండోదాన్ని పట్టలేదు. సాయంత్రం పట్టడానికి కూర్చుంటే బ్యాటరీ ఎర్రగీత చూపించింది, ఛార్జర్ కోసం లేచాడు, ఈలోపు అప్ప గదిలోకొచ్చి లెక్కల పేపర్‌లో మార్కులు అడిగింది. ఆ మార్కులు ఇక్కడ రాయను. స్విచ్ బీరువాలోకెళ్లింది, తాళంచెవి అప్ప కొంగుకెళ్లింది, పరీక్షలయ్యేదాకా.

"మావయ్యా, నువ్వు సెప్పు అమ్మకి, ఒక్క పది నిమిషాలని."

చెప్పాను. నా స్విచ్ కూడా ఇటిమ్మంది.