సున్నా చూసుకోండి సార్

"మీటర్లో సున్నా చూసుకోండి సార్" అని చెప్పి, చూశానని నేను తల ఊపేవరకు ఆయన పెట్రోలు వదలలేదు. మిగిలిన నూట నలభై రూపాయలను రెండుసార్లు లెక్కపెట్టి, నోట్ల మడతలు సరిచేసి మరీ నా చేతిలో పెట్టారు.

చంచల్‌గూడ జైలు దగ్గరి బంకు అది. తెలంగాణ జైళ్ల శాఖ నడిపే ఇటువంటి బంకుల్లో ఖైదీలకే కాక, శిక్ష ముగించుకుని వచ్చినవారికి కూడా జీతానికి పని ఇస్తారని నాకు ముందే తెలుసు. వెనక బండ్లేవీ లేకపోవడంతో, బయటికి వచ్చి ఎంతకాలమైందని కాస్త సంకోచిస్తూనే అడిగాను.

"ఏడు నెలలు సార్. పని దొరికింది, ఇల్లే దొరకడం లేదు" అన్నారాయన.

ఇంటికి వచ్చినా ఆ మాట నన్ను వదలలేదు. 1958 నాటి ప్రొబేషన్ చట్టం 12వ సెక్షన్ ప్రకారం, జైలుకు పంపకుండా ప్రొబేషన్ మీద, అంటే మంచి నడవడితో ఉండాలన్న షరతు మీద, విడిచిపెట్టినవారికి ఆ నేరనిర్ధారణ కారణంగా ఎటువంటి అనర్హతా అంటకూడదు. శిక్షంతా అనుభవించి వచ్చిన ఈయనకు ఆ మాత్రం రక్షణ కూడా లేదు. జీతం, పని, చక్కటి నడవడి అన్నీ ఉన్నా, "ఇంతకుముందు ఎక్కడ ఉండేవారు?" అని ఇల్లు అద్దెకిచ్చేవారు అడిగే మొదటి ప్రశ్న దగ్గరే ఆయన ఆగిపోవలసి వస్తోంది. ఇది నాకు చాలా బాధగా ఉంది.

మా వీధి చివర టులెట్ బోర్డు పెట్టినవారు నాకు బాగా తెలిసినవారే. రేపు పొద్దున్నే వెళ్లి, ఏదీ దాచకుండా చెప్పి, ఆయన కోసం అడుగుతాను.