మెడికేర్‌లో మా క్లినిక్ పేరు ఎక్కించడానికి పడ్డ పాట్లు

మా ఆయన, ఆయనతో కలిసి రెసిడెన్సీ చేసిన డాక్టరమ్మ అమెరికాలో డల్లాస్ దగ్గర సొంత క్లినిక్ పెడదామనుకున్నప్పుడే పనులు పంచుకున్నాం. వైద్యం వాళ్లది, కాగితాలు నావి. పెళ్లికి ముందు విజయవాడలో ఒక ఆడిటర్ దగ్గర నాలుగేళ్లు పనిచేసినదాన్ని, ఫారాలు నింపడం ఏమంత పని అనుకున్నాను.

మేం క్లినిక్ తీసుకున్న చోట పెద్దవాళ్లే ఎక్కువ. ఇక్కడ 65 దాటితే దాదాపు అందరికీ మెడికేర్ అనే ప్రభుత్వ ఆరోగ్య బీమాయే ఆధారం. అందులో నమోదు కాకుండా తలుపులు తెరిస్తే అద్దె కూడా రాదు. మన దగ్గర ఆరోగ్యశ్రీలో ఆసుపత్రిని నెట్‌వర్క్‌లోకి తీసుకుంటారు. ఇక్కడ ఒక్కో డాక్టరుకూ విడిగా నమోదు, గ్రూపుకు మళ్లీ విడిగా నమోదు. ఆపైన ‘నేను చూసిన పేషెంట్ల డబ్బు ఈ గ్రూపుకు ఇవ్వండి’ అని ప్రతి డాక్టరూ రాసివ్వాలి. దాన్ని రీఅసైన్‌మెంట్ అంటారు. ఎన్‌పీఐ అనే 10 అంకెల గుర్తింపు నంబరు కూడా అంతే, మనిషికొకటి, సంస్థకొకటి. ఇక ఫారాలంటే డాక్టర్లకు 855ఐ, గ్రూపుకు 855బీ, డబ్బు పడే బ్యాంకు ఖాతాకు 588. అన్నీ పీకోస్ అనే వెబ్‌సైట్‌లో నింపేయొచ్చు.

మా చిన్నాన్న కొడుకు హైదరాబాద్‌లో ఒక మెడికల్ బిల్లింగ్ కంపెనీలో నైట్ షిఫ్ట్ చేస్తాడు. వాడికి రోజూ ఇదే పని. “అక్కా, ఫారం తెరిచే ముందు ఐఆర్‌ఎస్ వాళ్ల లెటర్ తీసి పక్కన పెట్టుకో. కంపెనీ పేరు అందులో ఎలా ఉంటే అలాగే కొట్టు. బోర్డు మీద రాయించిన పేరు కాదు” అన్నాడు మొదటి ఫోన్‌లోనే. ఐఆర్‌ఎస్ అంటే ఇక్కడి పన్నుల శాఖ. కంపెనీకి వాళ్లిచ్చే పన్ను నంబరు ఈఐఎన్. అది వచ్చినప్పుడు పంపే ఆ లెటర్‌ని సీపీ 575 అంటారు. ఒక్కసారే ఇస్తారు. పోగొట్టుకుంటే వాళ్లకు ఫోన్ చేసి 147సీ అనే ఇంకో లెటర్ తెప్పించుకోవాలి. నాది కరెంటు బిల్లుల కవర్లో దొరికింది, బతికిపోయాను.

నింపడానికి రెండు సాయంత్రాలు పట్టింది. 5 శాతం వాటా ఉన్నా సరే, వాళ్ల సోషల్ సెక్యూరిటీ నంబరు, పుట్టిన తేదీ ఇవ్వాలి. మేనేజరువి కూడా అడుగుతారు కాబట్టి జీతం లేని మేనేజరుగా నా పేరూ ఎక్కింది. డాక్టర్ల గ్రూపులకు దరఖాస్తు ఫీజు లేదు, ఆ ఒక్కటీ నయం.

సంతకాల దగ్గర చిక్కొచ్చింది. రీఅసైన్‌మెంట్‌కి ఎవరి సంతకం వాళ్లే పెట్టాలి. డాక్టరమ్మేమో చెల్లెలి పెళ్లికి గుంటూరు వెళ్లింది. నేను మొహమాటపడుతూ మెసేజ్ పెడితే ఆవిడే ఫోన్ చేసింది. వెనకాల సన్నాయి మోగుతోంది. “వదినా, జీలకర్ర బెల్లం అయిపోయింది, తలంబ్రాలకి ఇంకా టైముంది, ఇప్పుడు పంపించు లింకు” అంది. అక్కడ అర్ధరాత్రి దాటి రెండయింది. పట్టుచీరలో మండపం మెట్ల మీద కూర్చుని ఫోన్‌లో సంతకం పెట్టేసింది.

హమ్మయ్య అనుకున్నాను. మెడికేర్ తరఫున దరఖాస్తులు చూసే కాంట్రాక్టరు నుంచి వచ్చిన ఈమెయిల్ నా స్పామ్‌లో తొమ్మిది రోజులు పడి ఉందని నాకేం తెలుసు! ఫలానావి సరిచేసి 30 రోజుల్లో పంపకపోతే దరఖాస్తు తిప్పికొడతాం అని అందులో ఉంది. తిప్పికొడితే మళ్లీ నింపుకోవచ్చు, అది బాధ కాదు. తేదీ పోతుంది. చివరికి ఆమోదం పొందిన దరఖాస్తు ఏ రోజు అందిందో, క్లినిక్ ఏ రోజు మొదలైందో, రెండిట్లో తర్వాత వచ్చిన తేదీ నుంచే నమోదు చెల్లుతుంది. దానికి ముందు ఇంకో 30 రోజుల దాకా బిల్లులు పంపుకునే వీలుంది, అంతే. అంతకు ముందు చూసిన పేషెంట్లంతా ఉచిత వైద్య శిబిరం కింద లెక్క. క్లినిక్ అప్పటికే తెరిచేశాం. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

వాళ్లు పట్టుకున్నవి రెండు. మొదటిది మా ఆయన పేరు. సోషల్ సెక్యూరిటీ కార్డు మీద ‘వెంకట రమణ’, మెడికల్ లైసెన్సు మీద ‘రమణ వి.’, ఎన్‌పీఐలో ఉత్త ‘రమణ’. అమ్మానాన్నలు మొక్కుకుని పెట్టిన వెంకన్న పేరు ఒకచోట ఉంది, ఒకచోట పొడి అక్షరంగా మిగిలింది, ఇంకోచోట మాయమైంది. లైసెన్సు మార్పించాలంటే నెలలు పడుతుందేమోనని కంగారుపడ్డాను. తమ్ముడు నవ్వాడు. “మన తెలుగువాళ్ల ఫైలు వస్తే మేం ముందు చూసేది ఇదే అక్కా” అన్నాడు. అసలు పేరు సోషల్ కార్డులో ఉన్నట్టే వేసి, లైసెన్సు మీది పేరు ‘ఇతర పేరు’ అనే గడిలో ప్రొఫెషనల్ నేమ్‌గా చూపించమన్నాడు. ఎన్‌పీఐ రికార్డు ఆన్‌లైన్‌లోనే మార్చేశాను.

రెండోది బ్యాంకు లెటర్. అందులో క్లినిక్ బోర్డు మీది పేరుంది కానీ చివర పీఎల్‌ఎల్‌సీ (మన ‘ప్రైవేట్ లిమిటెడ్’ లాంటి తోక) లేదు. ఖాతా గ్రూపు చట్టబద్ధమైన పేరు మీదే ఉండాలి. బ్యాంకుకి వెళ్తే అక్కడి అమ్మాయి “పేరు అదే కదా” అంది. ఐఆర్‌ఎస్ లెటర్ బల్ల మీద పెట్టి ఆ నాలుగు అక్షరాల మీద వేలు పెట్టి చూపించాను. కొత్త లెటర్ ప్రింటు తీసింది. ఈసారి బ్యాంకును గుర్తించే రూటింగ్ నంబరు మర్చిపోయింది. మూడోదాని మీద సంతకం పెట్టించుకుని, కారులో కూర్చుని మొదటి నుంచి చివరి దాకా రెండుసార్లు చదివాకే ఇంటికి బయల్దేరాను. అన్నీ కలిపి పంపేసరికి గడువుకి ఇంకా పదకొండు రోజులుంది.

ఆరు వారాలకు ఆమోదం లెటరొచ్చింది. గ్రూపుకి ఇచ్చిన పీటీఏఎన్ అనే మెడికేర్ నంబరు కంటే ముందు నా కళ్లు తేదీ కోసమే వెతికాయి. మేం దరఖాస్తు పంపిన తేదీ పోలేదు. ఆపి ఉంచిన బిల్లులన్నీ ఆ వారమే పంపాం.

ఇంతటితో అయిపోలేదనుకోండి. తక్కువ ఆదాయం ఉన్నవాళ్లకిచ్చే బీమా మెడికేడ్‌కి టెక్సస్ రాష్ట్రం వాళ్ల వెబ్‌సైట్ వేరే, అక్కడ మళ్లీ ‘అ ఆ’ల నుంచి మొదలు. క్లినిక్ అడ్రసు మారినా, వాటాదారులు మారినా 30 రోజుల్లో మెడికేర్‌కి చెప్పాలి. ఏమీ మారకపోయినా 5 ఏళ్లకోసారి రీవ్యాలిడేషన్, అంటే వివరాలన్నీ మళ్లీ ధ్రువీకరించడం, ఉంటుంది. ఆ నెల ఇప్పుడే క్యాలెండర్‌లో పెట్టేశాను. స్పామ్ ఫోల్డర్ రోజూ పొద్దున కాఫీతో పాటు చూస్తున్నాను.

వచ్చే నెల మా గ్రూపులో మూడో డాక్టరు చేరుతున్నారు, కాకినాడ ఆయన. మొన్న ఫోన్ చేసి పరిచయం చేసుకుని, కుశల ప్రశ్నలు అయ్యాక మొదట అడిగింది ఇదే: “మీ సోషల్ కార్డు మీద పేరు ఎలా ఉందో ఒక్కసారి ఫొటో తీసి పంపుతారా అన్నయ్యగారూ?”